నౌకాదళంలో ఎవరు ఎవరికి జవాబుదారీ



ఢిల్లీకి సముద్రం లేదు. ఏ దిక్కుకు బయల్దేరినా ఉప్పునీరు కంటపడాలంటే వందల కిలోమీటర్లు పోవాలి. అయినా మన దేశపు యుద్ధనౌకలన్నిటికీ పెద్దదిక్కు ఈ నగరమే. అరేబియా సముద్రంలో తిరుగుతున్న నౌక అయినా, విశాఖ రేవులో లంగరు వేసుకున్న నౌక అయినా, బంగాళాఖాతం అడుగున నడుస్తున్న జలాంతర్గామి అయినా, చివరికి లెక్క చెప్పుకోవలసింది ఇక్కడున్న నౌకాదళ ప్రధాన కార్యాలయానికే. ఆ కార్యాలయానికి 2024 మార్చి 15న సొంత భవనం సమకూరింది. ఢిల్లీ కంటోన్మెంటులో కట్టిన ఆ భవనానికి నౌసేనా భవన్ అని పేరు పెట్టారు. అంతకుముందు నౌకాదళ కార్యాలయాలు నగరంలో 13 చోట్ల చెదిరి ఉండేవి.

మన తెలుగువారిలో నౌకాదళం అనగానే విశాఖపట్నం గుర్తుకు రాని వారుండరు. ప్రతి జిల్లా నుంచీ ఆ కొలువులో చేరిన పిల్లలున్నారు. కానీ ఆ దళం లోపల ఎవరు ఎవరి కింద పనిచేస్తారు, ఒక నౌక ఎవరి మాట మీద కదులుతుంది, భుజం మీది పట్టీలకు అర్థమేమిటి అని అడిగితే చాలామంది చెప్పలేరు. కొడుకు నేవీలో ఉన్నాడని గర్వంగా చెప్పే తండ్రి కూడా వాడి హోదా ఏమిటని అడిగితే తడుముకుంటాడు. ఈ ప్రసంగంలో ఆ సంగతులే చెబుతాను. అన్నిటి వెనకా ఒక్కటే మాట ఉంది. సైన్యంలో హోదా పెత్తనం కోసం కాదు. తప్పు జరిగితే ఎవరిని అడగాలో, ఆపద వస్తే ఎవరు ముందు నిలబడాలో ముందే తేల్చి పెట్టే ఏర్పాటు అది.

ముందు పైనుంచి చూద్దాం. మూడు దళాలకూ సర్వసైన్యాధిపతి రాష్ట్రపతి. నౌకాదళానికి అధిపతి నాలుగు నక్షత్రాల అడ్మిరల్. ఆయనకు చేదోడుగా ఢిల్లీలో నలుగురు వైస్ అడ్మిరల్స్ ఉంటారు. వారు వైస్ చీఫ్, డిప్యూటీ చీఫ్, చీఫ్ ఆఫ్ పర్సనల్, చీఫ్ ఆఫ్ మెటీరియల్. దళం రేపటికి ఏమేం సమకూర్చుకోవాలో చూసేవారు ఒకరు, నేటి కార్యకలాపాలు చూసేవారు ఒకరు, మనుషుల సంగతి చూసేవారు ఒకరు, నౌకలూ యంత్రాల సంగతి చూసేవారు ఒకరు. ఢిల్లీలో పనిచేసే నావికులకు కూడా తమదంటూ ఒక నౌక ఉంది. దాని పేరు ఐఎన్ఎస్ ఇండియా. అది నీటిమీద తేలదు, నగరం నడిబొడ్డున ఉన్న స్థావరం. నౌకాదళంలో ఒడ్డున ఉన్న స్థావరానికి కూడా నౌక పేరే పెడతారు, నౌక క్రమశిక్షణే నడుస్తుంది. విశాఖలోని ఐఎన్ఎస్ సర్కార్స్, ఐఎన్ఎస్ డేగా, ఐఎన్ఎస్ శాతవాహన కూడా అలాంటివే.

ప్రధాన కార్యాలయం కింద మూడు కమాండ్లున్నాయి. ముంబై కేంద్రంగా పశ్చిమ కమాండ్, విశాఖపట్నం కేంద్రంగా తూర్పు కమాండ్, కొచ్చి కేంద్రంగా దక్షిణ కమాండ్. దక్షిణ కమాండ్‌కు ముఖ్యమైన పని శిక్షణ. మూడింటికీ అధిపతులు వైస్ అడ్మిరల్స్. ఇవి కాక, 2001లో ఏర్పడిన అండమాన్ నికోబార్ కమాండ్‌లో మూడు దళాలూ కలిసి పనిచేస్తాయి. ఈ కమాండ్ల ఏర్పాటుకు 1968 మార్చి 1 ముఖ్యమైన తేదీ. తూర్పు నౌకాదళ కమాండ్ ఆనాడే పుట్టింది. నౌకాదళాధిపతి హోదాను వైస్ అడ్మిరల్ నుంచి పూర్తి అడ్మిరల్ స్థాయికి పెంచింది కూడా ఆనాడే. అలా తొలి అడ్మిరల్ అయినవారు ఎ.కె. చటర్జీ. అంతకు పదేళ్ల ముందు, 1958 ఏప్రిల్‌లో, రామదాస్ కటారి నౌకాదళానికి మొదటి భారతీయ అధిపతి అయ్యారు. స్వాతంత్ర్యం వచ్చి పదేళ్లు దాటినా అప్పటిదాకా ఆ కుర్చీలో బ్రిటిష్ అధికారులే కూర్చున్నారు.

కమాండ్ కింద ఫ్లీట్ ఉంటుంది. అంటే సముద్రంలోకి వెళ్లి పోరాడే నౌకల సమూహం. మనకు రెండు ఫ్లీట్లున్నాయి, పశ్చిమ ఫ్లీట్, తూర్పు ఫ్లీట్. ఒక్కొక్కదానికి ఒక రియర్ అడ్మిరల్ అధిపతి. తూర్పు ఫ్లీట్ 1971 నవంబర్ 1న, బంగ్లాదేశ్ యుద్ధం ముంచుకొస్తున్న వేళ, విమానవాహక నౌక విక్రాంత్‌ను వెంటబెట్టుకుని ఏర్పడింది. ఫ్లీట్ లోపల, ఒకే రకం నౌకలను కొన్నిటిని కలిపితే స్క్వాడ్రన్ అవుతుంది. క్షిపణి పడవలకొక స్క్వాడ్రన్, ఫ్రిగేట్లకొక స్క్వాడ్రన్. విమానాలకూ స్క్వాడ్రన్లే. జలాంతర్గాముల బాగోగులు చూడటానికి తీరానికొక కమడోర్ ఉంటారు. తూర్పు తీరంలో ఆ పని జరిగే చోటు విశాఖలోని ఐఎన్ఎస్ వీరబాహు.

ఇక్కడ ఒక సంగతి గమనించాలి. నౌకను వాడుకునేవారు వేరు, దాన్ని సిద్ధం చేసి ఇచ్చేవారు వేరు. మరమ్మతులు డాక్‌యార్డ్ పని. విశాఖ డాక్‌యార్డ్‌కు అధిపతిగా అడ్మిరల్ సూపరింటెండెంట్ ఉంటారు. నౌక సిబ్బందికి పరీక్షలు పెట్టి, మంటలు ఆర్పడం నుంచి గుళ్లు పేల్చడం దాకా సాధన చేయించి, ఇక సముద్రంలోకి పోవచ్చు అని చెప్పే బృందం కొచ్చిలో ఉంది. ఫ్లీట్ అధిపతి చేతికి నౌక వచ్చేసరికి ఇంతమంది దానికి పూచీ పడి ఉంటారు. ఎక్కడ లోపం జరిగినా, ఎవరి చేతిలో ఉండగా జరిగిందో తెలిసిపోతుంది.

ఈ మెట్లన్నీ పుస్తకంలో చదివితే తలకెక్కవు. ఒక్క రాత్రి జరిగిన సంగతి చెబితే తేలిగ్గా అర్థమవుతాయి. అది 1971 డిసెంబర్ 4 రాత్రి. మన క్షిపణి పడవలు కరాచీ రేవు మీద దాడి చేశాయి. దానికి ఆపరేషన్ ట్రైడెంట్ అని పేరు. నిపట్, నిర్ఘాట్, వీర్ అనే మూడు చిన్న పడవలు అందులో పాల్గొన్నాయి. ఒక్కొక్క పడవకు ఒక లెఫ్టినెంట్ కమాండర్ నాయకుడు. ఆ పడవలున్న 25వ స్క్వాడ్రన్‌కు నాయకుడు కమాండర్ బబ్రూభాన్ యాదవ్. మనం రాజధాని ప్రాంతం అని పిలుచుకునే ఈ ఎన్‌సీఆర్‌లోని రేవాడీ ప్రాంతంలో పుట్టినవారే ఆయన. పశ్చిమ ఫ్లీట్‌కు రియర్ అడ్మిరల్ కురువిల్లా, పశ్చిమ కమాండ్‌కు వైస్ అడ్మిరల్ కోహ్లీ, ఢిల్లీలో మొత్తం దళానికి అడ్మిరల్ నందా. లెఫ్టినెంట్ కమాండర్, కమాండర్, రియర్ అడ్మిరల్, వైస్ అడ్మిరల్, అడ్మిరల్. ఐదు మెట్లు. కరాచీ మీద దాడి చేద్దామన్న సాహసం ఢిల్లీలో నిర్ణయమైంది, ముంబైలో ప్రణాళికగా మారింది, సముద్రం మీద ఆ చిన్న పడవల్లో అమలైంది. పాకిస్తాన్ యుద్ధనౌక ఖైబర్ మునిగిపోయింది. కేమారీలోని చమురు ట్యాంకులు అంటుకున్నాయి. దాడికి వెళ్లిన మన పడవలు మూడూ క్షేమంగా తిరిగి వచ్చాయి. బబ్రూభాన్ యాదవ్‌కు మహావీర చక్ర దక్కింది. ఆ విజయానికి గుర్తుగానే డిసెంబర్ 4న నౌకాదళ దినోత్సవం జరుపుకుంటున్నాం.

అదే యుద్ధంలో, అదే పశ్చిమ సముద్రంలో, ఇంకొక సంగతి జరిగింది. డిసెంబర్ 9 రాత్రి పాకిస్తాన్ జలాంతర్గామి వేసిన టార్పెడో తగిలి మన ఫ్రిగేట్ ఖుక్రీ మునిగిపోయింది. దాని నాయకుడు కెప్టెన్ మహేంద్రనాథ్ ముల్లా. ఆయన ఒక్క ఖుక్రీకే కాదు, 14వ ఫ్రిగేట్ స్క్వాడ్రన్ మొత్తానికీ నాయకుడు. చేతనైనంతమందిని నీటిలోకి దిగి ప్రాణాలు దక్కించుకొమ్మని చెప్పి, తాను నౌకతోపాటే మునిగిపోయారు. 18 మంది అధికారులు, 176 మంది నావికులు ఆ రాత్రి అమరులయ్యారు. ముల్లాకు మరణానంతరం మహావీర చక్ర ఇచ్చారు. కెప్టెన్ అనే హోదా భుజం మీద నాలుగు బంగారు పట్టీలుగా కనిపిస్తుంది. ఆ నాలుగు పట్టీల బరువెంతో ముల్లా చూపించారు.

ఇప్పుడు ఒక నౌక లోపలికి వెళదాం. నౌకకు ఒక్కరే నాయకుడు. ఆయన్ని కమాండింగ్ ఆఫీసర్ అంటారు. నౌక పెద్దదైన కొద్దీ నాయకుడి హోదా పెరుగుతుంది. చిన్న గస్తీ పడవకు లెఫ్టినెంట్ కమాండర్, కార్వెట్‌కు కమాండర్, డిస్ట్రాయర్‌కూ ఫ్రిగేట్‌కూ కెప్టెన్. 2022 సెప్టెంబర్ 2న దళంలో చేరిన కొత్త విమానవాహక నౌక విక్రాంత్‌కు తొలి నాయకుడు కమడోర్ విద్యాధర్ హార్కే. నాయకుడి తరవాత ఎగ్జిక్యూటివ్ ఆఫీసర్. నౌక శుభ్రత, క్రమశిక్షణ, రోజువారీ పనులు ఆయన బాధ్యత. ఆ కింద ఒక్కొక్క విభాగానికి ఒక్కొక్క అధికారి ఉంటారు. దారి చూపే నావిగేటింగ్ ఆఫీసర్, తుపాకులూ క్షిపణులూ చూసే గన్నరీ ఆఫీసర్, జలాంతర్గాములను వేటాడే అధికారి, సమాచారాల అధికారి, ఇంజన్లకు ఇంజనీర్ ఆఫీసర్, విద్యుత్తుకూ ఎలక్ట్రానిక్స్‌కూ ఎలక్ట్రికల్ ఆఫీసర్, సరుకులకూ వంటకూ జీతాలకూ లాజిస్టిక్స్ ఆఫీసర్.

సముద్రం మీద నౌక రాత్రీ పగలూ మేలుకునే ఉండాలి. కాబట్టి రోజును వాచ్‌లుగా పంచుకుంటారు. ఒక్కో వాచ్ నాలుగు గంటలు. అలా పంచితే రోజుకు ఆరు వాచ్‌లు రావాలి. ఆరే ఉంటే, అర్ధరాత్రి కాపలా పడినవాడికి రోజూ అదే అర్ధరాత్రి పడే చిక్కు ఉంది. అందుకని సాయంత్రం 4 నుంచి 8 దాకా ఉన్న వాచ్‌ను రెండేసి గంటల చొప్పున రెండు ముక్కలు చేసి, మొత్తం ఏడు వాచ్‌లు చేశారు. దాంతో వంతులు రోజురోజుకూ మారిపోతాయి. కష్టం అందరికీ సమంగా పంచబడుతుంది. ఎంత చిన్న ఏర్పాటు, ఎంత న్యాయం!

దీనికంటే గొప్ప ఏర్పాటు ఇంకొకటి ఉంది. దాన్ని డివిజనల్ పద్ధతి అంటారు. నౌకలో ప్రతి నావికుడూ ఏదో ఒక డివిజన్‌కు చెందినవాడే. ఆ డివిజన్‌కు ఒక అధికారి ఉంటారు. ఆయన కింద పనిచేసే నావికుడి శిక్షణ, ప్రమోషన్, సెలవు, ఇంటి ఇబ్బందులు, పిల్లల చదువు, అమ్మ ఆరోగ్యం, అన్నీ ఆ అధికారికి తెలిసి ఉండాలి. తన కింది నావికుడికి ఏం కష్టం వచ్చిందో తెలియకపోతే, అది ఆ అధికారి లోపమే. యుద్ధంలో ఆజ్ఞ ఇచ్చే హక్కు ఎవరికి ఉందో, శాంతికాలంలో యోగక్షేమం అడిగే బాధ్యత వారిదే. ఈ రెండింటినీ ఒకే భుజం మీద పెట్టడం నౌకాదళం నేర్పే గొప్ప పాఠం అని నేను నమ్ముతాను. మన కార్యాలయాల్లో, కర్మాగారాల్లో ఈ పద్ధతిలో సగమైనా ఉంటే ఎంత బాగుండును!

ఇక హోదాల సంగతి. కింది నుంచి మొదలుపెడతాను, ఎందుకంటే నౌకను నడిపించే చేతులు అక్కడే ఉన్నాయి. నావికులలో మొదటి మెట్టు సీమన్ రెండో తరగతి, తరవాత సీమన్ ఒకటో తరగతి, ఆపైన లీడింగ్ సీమన్. ఆ తరవాత పెటీ ఆఫీసర్, సైన్యంలో హవల్దారుతో సమానం. తరవాత చీఫ్ పెటీ ఆఫీసర్, ఈయన నాయబ్ సుబేదారుతో సమానం. ఆపైన మాస్టర్ చీఫ్ పెటీ ఆఫీసర్ రెండో తరగతి, చివరికి ఒకటో తరగతి. ఈ చివరి మెట్టు సైన్యంలో సుబేదార్ మేజర్ స్థాయి. పాతికేళ్లకు పైగా సముద్రంతో బతికిన మాస్టర్ చీఫ్ మాటకు కొత్తగా వచ్చిన కుర్ర అధికారి ఎంతో విలువ ఇస్తాడు. ఇవ్వాలి కూడా. ఒక ఇంజన్ శబ్దం మారితే, ఏ భాగం అలిసిపోయిందో ఆయన చెప్పగలడు.

2022 నుంచి నావికులుగా చేరేవారు అగ్నివీరులు. నాలుగేళ్ల సేవ తరవాత వారిలో నాలుగో వంతు వరకు రెగ్యులర్ కొలువులోకి తీసుకుంటారు. శిక్షణ ఒడిశాలోని చిలికా సరస్సు ఒడ్డున ఉన్న ఐఎన్ఎస్ చిల్కాలో, మన శ్రీకాకుళం జిల్లాకు దగ్గరే. ఆడపిల్లలను కూడా నావికులుగా తీసుకోవడం ఈ పథకంతోనే మొదలైంది. 2023 మార్చిలో వారి మొదటి జట్టు చిల్కాలో శిక్షణ పూర్తి చేసింది.

అధికారులది వేరే నిచ్చెన. కేరళలోని ఏళిమలలో నౌకాదళ అకాడెమీ ఉంది. అక్కడ శిక్షణ పూర్తి చేసినవారు సబ్ లెఫ్టినెంట్‌గా మొదలవుతారు. భుజం మీద ఒక్క బంగారు పట్టీ. లెఫ్టినెంట్‌కు రెండు, లెఫ్టినెంట్ కమాండర్‌కు రెండు పట్టీల మధ్య ఒక సన్నటి పట్టీ, కమాండర్‌కు మూడు, కెప్టెన్‌కు నాలుగు. ఆపైన కమడోర్, తరవాత రియర్ అడ్మిరల్, వైస్ అడ్మిరల్, అడ్మిరల్. అడ్మిరల్ ఆఫ్ ది ఫ్లీట్ అనే ఐదు నక్షత్రాల హోదా కూడా ఉంది గానీ, నౌకాదళంలో ఇప్పటిదాకా ఎవరికీ ఇవ్వలేదు. సైన్యంలో మానెక్‌షా, కరియప్ప, వాయుసేనలో అర్జన్ సింగ్ అలాంటి గౌరవం పొందారు. ఇక్కడ చాలామంది పొరబడే సంగతి ఒకటుంది. సైన్యంలో కెప్టెన్ కుర్ర అధికారి. నౌకాదళంలో కెప్టెన్ సైన్యపు కర్నల్‌తో సమానం. సైన్యపు కెప్టెన్‌కు సమానమైనవారు నౌకాదళంలో లెఫ్టినెంట్. పెళ్లి సంబంధాలు చూసేవారు కూడా ఇది తెలుసుకోవడం మంచిది. నావికుడిగా చేరినవారికి అధికారి అయ్యే దారి మూసుకుపోలేదు. ప్రతిభ ఉన్నవారిని గుర్తించి అధికారులుగా ఎంపిక చేసే పద్ధతి దళంలో చాలాకాలంగా ఉంది.

ఇక నౌకల్లో వెళ్లి శత్రుతీరం మీద దిగి పోరాడే మెరైన్ల దగ్గరకు వద్దాం. అమెరికాలో మెరైన్ కోర్ అని ప్రత్యేక దళముంది. 1775లో పుట్టిన దళమది. నౌకాదళ శాఖలోనే ఉంటుంది గానీ, దాని అధిపతి వేరు, హోదాలు సైన్యం తరహావి. సంప్రదాయంగా దాని కట్టు మూడు మీద నడుస్తుంది. నలుగురితో ఒక ఫైర్ టీమ్, మూడు టీములతో ఒక స్క్వాడ్, మూడు స్క్వాడ్లతో ఒక ప్లాటూన్, అలా పైకి కంపెనీ, బెటాలియన్, రెజిమెంట్, డివిజన్. అంతకంటే ముఖ్యం, పనికి పంపేటప్పుడు వారు కట్టే జట్టు. కాల్బలం, విమానాలు, సరుకుల విభాగం, ఆజ్ఞలిచ్చే విభాగం నాలుగూ కలిపి, దాదాపు 2200 మందితో, ఒక కర్నల్ నాయకత్వంలో నౌకలెక్కించి పంపుతారు. ఆ కర్నల్ ఎవరినీ అప్పు అడగనవసరం లేదు. కావలసినవన్నీ ఆయన చేతిలోనే ఉంటాయి.

మన దేశంలో అలాంటి ప్రత్యేక మెరైన్ దళం లేదు. శత్రుతీరం మీద దిగే పని వస్తే నౌకలు నౌకాదళానివి, దిగే జవాన్లు సైన్యం వారు, కావలసిన విమానాలు వాయుసేనవి. సైన్యంలో ఇందుకోసం సాధన చేసే బెటాలియన్లున్నాయి. వారిని మోసుకెళ్లే నౌకలలో పెద్దది ఐఎన్ఎస్ జలాశ్వ. 2007లో అమెరికా నుంచి కొన్నాం. దాని నివాసం విశాఖపట్నం. దాదాపు వెయ్యి మంది జవాన్లను ఎక్కించుకోగలదు. 2020లో కరోనా సమయంలో మాల్దీవుల నుంచి 698 మంది భారతీయులను కొచ్చికి చేర్చింది కూడా అదే నౌక.

ఈ సాధనకు వేదిక మన కాకినాడ తీరమే. 2019 నవంబర్‌లో భారత, అమెరికా దళాలు కలిసి టైగర్ ట్రయంఫ్ పేరుతో మొదటిసారి విశాఖ, కాకినాడల్లో విన్యాసాలు చేశాయి. అమెరికా మెరైన్లు కాకినాడ ఇసుక మీద మన జవాన్లతో కలిసి అడుగుపెట్టారు. 2023 జనవరిలో మన మూడు దళాలే ఆంఫెక్స్ పేరుతో అక్కడ మరో విన్యాసం జరిపాయి. ఇలాంటి పనిలో అన్నిటికంటే చిక్కయిన ప్రశ్న ఒకటుంది. నౌకలో ఉన్నంతసేపూ జవాను నౌకాదళ అధికారి మాట వింటాడు. ఒడ్డెక్కాక సైన్యపు అధికారి మాట వింటాడు. ఆ మార్పు ఏ క్షణంలో, ఏ చోట జరగాలి? తుపాకులు మోగుతుండగా ఈ సంగతి చర్చించుకునే వీలుండదు. ముందే రాసుకోవాలి, పదే పదే సాధన చేయాలి. ప్రత్యేక దళం లేకపోవడం లోపమని కొందరంటారు. మనకున్న వనరులకు మూడు దళాలనూ కలిపి నడపడమే సరైన దారి అని నా అభిప్రాయం. కాకపోతే ఆ కలయిక అవసరం పడ్డనాడు కుదరదు. ఏటా సాధన ఉండాలి.

మనకు మెరైన్ దళం లేదు గానీ మెరైన్ కమాండోలు ఉన్నారు. వారినే మార్కోస్ అంటారు. 1987 ఫిబ్రవరిలో ఈ దళం మొదలైంది. అదే ఏడాది అక్టోబర్‌లో శ్రీలంకలోని జాఫ్నా దగ్గర గురునగర్ జెట్టీని పేల్చిన చిన్న జట్టుకు లెఫ్టినెంట్ అరవింద్ సింగ్ నాయకుడు. ఆయనకు మహావీర చక్ర ఇచ్చారు. భుజాన రెండు పట్టీలున్న కుర్ర అధికారి! మార్కోస్ అనేది హోదా కాదని గుర్తుంచుకోవాలి. అది అర్హత. నౌకాదళంలోని అధికారులు, నావికులు స్వచ్ఛందంగా ముందుకొస్తే, కఠిన పరీక్షల్లో వడగట్టి, కొచ్చిలో నీటి అడుగున ఈత, ఆగ్రాలో పారాచూట్‌తో దూకడం నేర్పిస్తారు. కమాండో అయ్యాక కూడా పాత హోదాయే ఉంటుంది. 2016 జూలైలో విశాఖలో వారికోసం ఐఎన్ఎస్ కర్ణ స్థావరం ఏర్పడింది. 2008 నవంబర్‌లో ముంబై తాజ్ హోటల్‌లోకి ముందుగా వెళ్లినవారిలో మార్కోస్ ఉన్నారు. మన ఎన్‌సీఆర్‌లోని బులంద్‌షహర్ జిల్లాకు చెందిన ప్రవీణ్ తేవతియా అక్కడ నాలుగు తూటాలు తిన్నారు. అధికారి కాదు, నావికుడు. శౌర్య చక్ర అందుకున్నారు.

ముంబై దాడి తరవాత కొత్త ఏర్పాట్లు వచ్చాయి. స్థావరాల కాపలాకు 2009లో సాగర్ ప్రహరీ బల్ పుట్టింది. వెయ్యి మందితో, 80 వేగపు పడవలతో దాన్ని నిర్మించారు. తీరానికి దగ్గర్లో మెరైన్ పోలీసులు, ఆ బయట కోస్ట్ గార్డ్, లోతు సముద్రంలో నౌకాదళం అని బాధ్యతలు పంచారు. మొత్తం సముద్ర భద్రతకు పెద్దగా నౌకాదళాన్ని నిలిపారు. 1978లో చట్టబద్ధమైన కోస్ట్ గార్డ్‌కు కూడా ప్రధాన కార్యాలయం ఢిల్లీలోనే. దాని కింది హోదాలు నావిక్, ఉత్తమ్ నావిక్, ప్రధాన్ నావిక్, ఆపైన అధికారి, ఉత్తమ్ అధికారి, ప్రధాన్ అధికారి. 2023 డిసెంబర్ 4న సింధుదుర్గ్‌లో ప్రధానమంత్రి మాట్లాడుతూ, నౌకాదళ హోదాలకు కూడా భారతీయ సంప్రదాయానికి తగిన పేర్లు పెడతామని ప్రకటించారు. ఆ నెలాఖరులోనే అడ్మిరల్స్ భుజకీర్తులు మారాయి. శివాజీ రాజముద్ర స్ఫూర్తితో అష్టభుజం, కత్తి, దూరదర్శిని వాటిమీదకి వచ్చాయి. ఆ ఏడాదే మరో గొప్ప మార్పు జరిగింది. లెఫ్టినెంట్ కమాండర్ ప్రేరణా దేవస్థలీ ఐఎన్ఎస్ త్రింకట్‌కు నాయకురాలిగా ఎంపికయ్యారు. మన యుద్ధనౌకకు ఒక మహిళ నాయకత్వం వహించడం అదే మొదలు.

చివరగా, ఈ నిర్మాణమంతా ఒక్కటిగా పనిచేసిన సందర్భం ఒకటి చెబుతాను. గురుగ్రామ్‌లో నౌకాదళం నడిపే ఒక సమాచార కేంద్రముంది. హిందూ మహాసముద్రంలో ఏ నౌక ఎక్కడుందో, ఎక్కడ ప్రమాదం పొంచి ఉందో అక్కడ గమనిస్తారు. 2018 డిసెంబర్ 22న అప్పటి రక్షణమంత్రి, మన తెలుగింటి కోడలు నిర్మలా సీతారామన్ దాన్ని ప్రారంభించారు. పలు దేశాల నౌకాదళ అధికారులు అక్కడ మనవారితో కలిసి కూర్చుని పనిచేస్తారు. మెట్రో రైళ్ల మధ్య, ఐటీ కంపెనీల మధ్య సముద్రం మీద కన్నేసిన కేంద్రం అది.

ఆ కేంద్రం కన్నేసిన సముద్రంలోనే 2023 డిసెంబర్‌లో రుయెన్ అనే సరుకుల నౌకను సోమాలీ దొంగలు పట్టుకున్నారు. మూడు నెలలు గడిచాక, అదే నౌకను అడ్డాగా చేసుకుని ఇతర నౌకలను దోచుకోవడానికి బయల్దేరారు. 2024 మార్చి 15న ఐఎన్ఎస్ కోల్‌కతా దాన్ని అడ్డగించింది. మన తీరానికి దాదాపు 2600 కిలోమీటర్ల దూరంలో! నౌకాదళ గస్తీ విమానం పైనుంచి కనిపెట్టుకుని ఉంది. వాయుసేన సి-17 విమానం మార్కోస్‌ను, వారి పడవలను సముద్రంలో జారవిడిచింది. ఐఎన్ఎస్ సుభద్ర తోడు వచ్చింది. 40 గంటల పాటు ఒత్తిడి పెట్టి 35 మంది దొంగలను లొంగదీశారు. 17 మంది నౌక సిబ్బంది ఒక్క గాయం లేకుండా బయటపడ్డారు. ఒక నౌక నాయకుడు, ఒక కమాండో జట్టు నాయకుడు, ఒక పైలట్, ముంబైలోని కమాండ్, ఢిల్లీలోని రెండు దళాల ప్రధాన కార్యాలయాలు, ఇంతమంది పాల్గొన్న పని అది. ఎవరి పని ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుందో అందరికీ తెలుసు కాబట్టే అది తడబడకుండా పూర్తయింది.

శ్రోతలారా, ఢిల్లీలో, గురుగ్రామ్‌లో, నోయిడాలో ఉంటున్న తెలుగు కుటుంబాలకు నాదొక మనవి. ఇండియా గేట్ పక్కన 2019 ఫిబ్రవరి 25న ప్రారంభమైన జాతీయ యుద్ధ స్మారకం ఉంది. మీ పిల్లలను ఒక ఆదివారం అక్కడికి తీసుకెళ్లండి. కంచు కుడ్య చిత్రాలు ఆరు ఉంటాయి. వాటిలో ఒకటి కరాచీ మీద దాడి చేసిన ఆపరేషన్ ట్రైడెంట్‌ది. అది చూపించి, లెఫ్టినెంట్ కమాండర్ నుంచి అడ్మిరల్ దాకా ఆ రాత్రి ఎవరెవరి బాధ్యత ఏమిటో చెప్పండి. గోడల మీది పేర్లు చదివించేటప్పుడు, హోదా కూడా చదివించండి. అధికారుల పేర్లూ నావికుల పేర్లూ అక్కడ పక్కపక్కనే ఉంటాయి. మీ బంధువుల్లో ఎవరైనా నౌకాదళంలో ఉంటే, జీతమెంత అని అడగడం మాని, మీ డివిజన్ ఏది, మీ నౌక ఏది, మీ పని ఏమిటి అని అడగండి. ఇంటర్ చదువుతున్న పిల్లలకు అధికారి దారి, నావికుడి దారి రెండూ చెప్పండి, రెండింటినీ సమానమైన గౌరవంతో చెప్పండి. ఆ కొలువులో ఏ మెట్టు మీద ఉన్నా, వారు మన గౌరవానికి అర్హులే.